ముడతలు దాచుకోని ముఖం: అన్నా మాన్యాని

ఇటలీ సినిమా నటి అనగానే మనవాళ్ళలో ఎక్కువమందికి సోఫియా లారెన్ గుర్తొస్తుంది. కాస్త పాతతరం వాళ్ళయితే జీనా లొల్లోబ్రిజిదా పేరు కూడా చెప్తారు. వాళ్ళిద్దరికంటే ముందు, రోమ్ నగరం తన ఇంటి మనిషిగా చూసుకున్న నటి ఒకామె ఉంది. పేరు అన్నా మాన్యాని. (ఇటాలియన్‌లో జి, ఎన్ అక్షరాలు పక్కపక్కన వస్తే మన ‘ఞ’ కి దగ్గరగా పలుకుతారు. అందుకని మాగ్నాని కాదు, మాన్యాని.) రోమ్ జనం ముద్దుగా ‘నన్నరెల్లా’ అనేవారు.

సినిమావాళ్ళు అందం అని లెక్కగట్టే కొలతల్లో ఆమె ఇమడదు. చెదిరిన నల్లటి జుట్టు, కళ్ళకింద నల్లని వలయాలు, మనిషి పొడగరి కాదు. నవ్వితే మటుకు వీధి చివరిదాకా వినిపించేలా నవ్వుతుంది. కూరల బజారులో బేరం తెగక విసుక్కుంటున్న ఆవిడని ఎవరో పిలుచుకొచ్చి కెమెరా ముందు నిలబెట్టారేమో అనిపిస్తుంది.

ఇక్కడ అమెరికాలో పబ్లిక్ లైబ్రరీల పుణ్యమా అని ఆమె సినిమాలు దొరికినవన్నీ, వచ్చిన వరసలోనే చూస్తూ వచ్చాను. అలా చూస్తే ఒక సంగతి బాగా తెలుస్తుంది. యుద్ధంలో చితికిపోయి, తిండికి లేక అల్లాడుతున్న రోజుల్లో ఇటలీకి ఈ ముఖం కావలసివచ్చింది. పదిహేనేళ్ళ తర్వాత చేతిలో డబ్బాడటం మొదలయ్యాక, అదే ముఖాన్ని చూడటం ఆ దేశానికి ఇబ్బందయింది. మాన్యాని కథ అంతా ఈ రెండింటి మధ్యా నడిచింది.

1908 మార్చి 7న రోమ్‌లో పుట్టింది. తల్లి మరీనాకి పెళ్ళికాలేదు. తండ్రెవరో పిల్లకి తెలియదు. కొన్నాళ్ళకి తల్లి ఈజిప్టులోని అలెగ్జాండ్రియాకి వెళ్ళి అక్కడే సంసారం పెట్టుకుంది. పిల్ల రోమ్‌లో అమ్మమ్మ దగ్గర, పిన్నుల మధ్య పెరిగింది. ఈ ఈజిప్టు సంగతి వల్లే ఆమె పుట్టింది కూడా అక్కడేనని ఒక పుకారు చాలాకాలం నడిచింది. తను రోమ్ బిడ్డనేనని ఆమె తెగేసి చెప్పేది. పెద్దయ్యాక తండ్రి గురించి ఆరా తీస్తే, దక్షిణాన కలాబ్రియా ప్రాంతం వాడనీ, ఇంటిపేరు ‘దెల్ దూచె’ అనీ తెలిసిందట. ముసోలినీని జనం ‘దూచె’ అని పిలుస్తున్న దేశంలో ‘దూచె కూతురు’ అనిపించుకోవటం ఇష్టంలేక అక్కడితో వెతకటం మానేశానని నవ్వుతూ చెప్పేదని అంటారు.

రోమ్‌లో సిల్వియో దామికో అనే పేరున్న రంగస్థల విమర్శకుడి దగ్గర నటన నేర్చుకుంది. ఆ తర్వాత నాటక కంపెనీల్లో చిన్న వేషాలు. అసలైన చదువు మాత్రం ‘రివిస్తా’ అనే ప్రదర్శనల్లో జరిగిందని నాకనిపిస్తుంది. పాటలు, హాస్యం, వెటకారం కలిపి కట్టిన ప్రదర్శనలవి. ముందు కూర్చున్న జనం ఊరుకునే రకం కాదు. నచ్చకపోతే అరుస్తారు, నచ్చితే మళ్ళీ మళ్ళీ పాడిస్తారు. మన పద్యనాటకాల్లో వన్స్‌మోర్ల సంగతి విన్నవాళ్ళకి ఇది కొత్త కాదు. 1940 నుంచి యుద్ధం రోజులంతా గొప్ప హాస్యనటుడు తోతోతో కలిసి ఆమె ఇలాంటివి చేసింది. ఎదుటివాడి నోటినుంచి ఏమొస్తే దానికి అప్పటికప్పుడు జవాబివ్వటం ఆ వేదికమీద అలవాటైందే. తర్వాత తీసిన ప్రతి సినిమాలోనూ ఆ చురుకు కనిపిస్తుంది.

సినిమాల్లో మాత్రం చాలాకాలం దారి దొరకలేదు. 1935లో దర్శకుడు గొఫ్రెదో అలెస్సాంద్రినిని పెళ్ళి చేసుకుంది. ఆమె నాటకాల మనిషే తప్ప తెరకి పనికిరాదని ఆయన అభిప్రాయం. ఆ కాపురం నిలవలేదు. 1941లో విత్తోరియో డి సికా ‘తెరెసా వెనెర్ది’ అనే సినిమాలో ఆమెకి ఒక రివిస్తా గాయని వేషం ఇచ్చాడు. ఉన్న కాసేపూ సినిమాని తనవైపు లాగేసుకుంటుంది. ఆ వెనకే లుకీనో విస్కోంతి తన మొదటి సినిమా ‘ఒస్సెస్సియోనె’కి ఆమెనే నాయికగా అనుకున్నాడు. అప్పటికి ఆమె గర్భవతి. ఆ వేషం క్లారా కలమాయికి వెళ్ళింది.

1942 అక్టోబరులో కొడుకు లూకా పుట్టాడు. తండ్రి మస్సీమో సెరాతో అనే నటుడు. అతను ఆమెతో నిలవలేదు. తన తల్లి తనకి ఇచ్చినట్టే, ఆమె కొడుక్కి తన ఇంటిపేరే ఇచ్చింది. ఆ పిల్లాడికి రెండేళ్ళు నిండకుండానే పోలియో వచ్చి కాళ్ళు పడిపోయాయి. స్విట్జర్లాండులో వైద్యం మొదలుపెట్టింది. అక్కణ్ణుంచీ ఆమె సంపాదనకి పెద్ద కారణం ఆ వైద్యమే. తెరమీద ఆమె చేసిన తల్లులని చూసేటప్పుడు ఈ సంగతి పక్కకి పెట్టడం నాకు చేతకాలేదు.

ఇక అసలు కథకొస్తాను.

1943 సెప్టెంబరులో జర్మన్ సైన్యం రోమ్‌ని ఆక్రమించింది. 1944 జూన్ 4న మిత్రరాజ్యాల సైన్యం వచ్చేదాకా, తొమ్మిది నెలలు నగరం వాళ్ళ చేతిలో ఉంది. మగవాళ్ళని వీధుల్లో పట్టుకుని వెట్టిచాకిరికి తోలేవారు. 1944 మార్చి 3న జూలియో చెజరె వీధిలో ఉన్న బ్యారక్స్ ముందు కొందరు ఆడవాళ్ళు గుమిగూడారు. లోపల వాళ్ళ మనుషులు బందీలుగా ఉన్నారు. వాళ్ళలో తెరెసా గుల్లాచె ఒకామె. ఐదుగురు పిల్లల తల్లి, మళ్ళీ గర్భవతి. భర్త దగ్గరికి వెళ్ళబోయింది. ఒక జర్మన్ సైనికుడు కాల్చి చంపాడు.

ఏడాది తిరక్కుండానే, 1945 జనవరిలో, రోబెర్తో రొసెల్లిని ఈ సంఘటనని కథలో పెట్టుకుని ‘రోమా, చిత్తా అపెర్తా’ (రోమ్, రక్షణ లేని నగరం) తీయటం మొదలుపెట్టాడు. ఉత్తర ఇటలీ ఇంకా జర్మన్ల చేతిలోనే ఉంది. చేతిలో డబ్బు లేదు. ఫిల్ము దొరికినచోట దొరికినంత కొన్నారు. మాటలు తర్వాత డబ్బింగులో చేర్చారు. మాన్యాని వేషం పేరు పీనా. భర్త పోయిన మనిషి, ఒక కొడుకు, మళ్ళీ గర్భవతి, ఆరోజే ఫ్రాంచెస్కోతో పెళ్ళి. పొద్దున్నే జర్మన్లు ఆ కాంపౌండుని చుట్టుముట్టి ఫ్రాంచెస్కోని లారీ ఎక్కిస్తారు. పీనా సైనికులని తోసుకుని, అతని పేరు పెట్టి అరుస్తూ, చెయ్యి చాపి లారీ వెనక పరిగెడుతుంది. తుపాకి పేలుతుంది. రోడ్డుమీద బోర్లా పడిపోతుంది.

ఆ పరుగు చూసినవాళ్ళెవరూ మరిచిపోలేదు. అందులో నన్ను పట్టుకున్నది అది జరిగే వేగం. ఆమె పడిపోయేముందు సంగీతం హెచ్చదు, కెమెరా ఆమె ముఖం దగ్గరికి వెళ్ళదు. నాయిక అనుకుని మనం వెంట నడుస్తున్న మనిషి సినిమా సగంలోనే, మనం సర్దుకునేలోపే పోతుంది. నిజమైన చావులు అలాగే వస్తాయి. ఆ సినిమా మొదట చూసిన రోమ్ వాళ్ళకి అది కథ కాదు, పోయినేడు పక్కవీధిలో జరిగింది. 1946లో కాన్ చిత్రోత్సవంలో పెద్ద బహుమతి అందుకున్న సినిమాల్లో ఇదొకటి. అన్నట్టు, 1952లో మనదేశంలో జరిగిన మొదటి అంతర్జాతీయ చిత్రోత్సవానికి ఇటలీనుంచి వచ్చిన సినిమాల్లో ‘బైసికిల్ థీవ్స్’తో పాటు ఇదీ ఉంది. బొంబాయిలో మొదలైన ఆ ఉత్సవం మద్రాసుకి కూడా వెళ్ళింది. అప్పటికి తెలుగు సినిమా కాపురం మద్రాసులోనే.

ఆ తర్వాతి ఏడేళ్ళు ఆమెవి. 1947లో ‘ఒనొరెవొలె ఆంజెలీనా’లో రోమ్ శివారు పేటలో నీళ్ళకోసం, రేషన్ కోసం ఆడవాళ్ళని కూడగట్టి పోట్లాడే ఇల్లాలు. దానికి వెనిస్‌లో ఉత్తమ నటి బహుమతి వచ్చింది. 1948లో రొసెల్లిని ఆమెకోసమే ‘లామోరె’ (ప్రేమ) తీశాడు. రెండు చిన్న కథలు. అందులో రెండోది ‘ఇల్ మిరాకొలో’, అంటే మహిమ. మేకలు కాచుకునే ఒక అమాయకురాలు దారినపోయే మనిషిని సెయింట్ జోసెఫ్ అనుకుంటుంది. (ఆ దారినపోయే మనిషి వేషం వేసింది ఫెల్లిని.) గర్భం వస్తే దేవుడి వరం అని నమ్ముతుంది. ఊరంతా నెత్తిన తట్ట బోర్లించి ఎగతాళి చేస్తుంది. చివరికి కొండమీద చర్చిలో ఒంటరిగా బిడ్డని కంటుంది.

ఈ నలభై నిమిషాల సినిమాకి అమెరికా చరిత్రలో ఒక చోటుంది. 1950 డిసెంబరులో న్యూయార్కులో విడుదలైంది. మతాన్ని కించపరుస్తోందని క్యాథలిక్ పెద్దలు మండిపడ్డారు. థియేటరు ముందు పికెటింగులు జరిగాయి. న్యూయార్క్ రాష్ట్రం లైసెన్సు రద్దు చేసింది. పంపిణీదారు జోసెఫ్ బర్స్టిన్ సుప్రీంకోర్టుకి వెళ్ళాడు. అప్పటిదాకా 1915 నాటి తీర్పు ప్రకారం సినిమా అంటే వట్టి వ్యాపారం, దానికి భావస్వేచ్ఛ వర్తించదు. 1952 మే 26న న్యాయమూర్తులందరూ ఏకాభిప్రాయంతో ఆ మాటని పక్కకి పెట్టారు. సినిమా కూడా భావాలని చెప్పే సాధనమేనని, రాజ్యాంగంలోని మొదటి సవరణ దానికీ రక్షణ ఇస్తుందని తేల్చారు. ఈ దేశంలో సినిమాకి భావస్వేచ్ఛ దక్కింది, మేకల వెంట తిరిగే పిచ్చిపిల్లగా మాన్యాని చేసిన ఒక వేషం పుణ్యాన.

రొసెల్లిని, ఆమె అప్పటికి కలిసే ఉన్నారు. అంతలో హాలీవుడ్‌నుంచి ఇన్‌గ్రిడ్ బెర్గ్‌మన్ ఆయన సినిమాలో నటిస్తానంటూ ఉత్తరం రాసింది. ఆ తర్వాతిది పత్రికలకి పండగ. 1949లో సిసిలీ దగ్గరి దీవుల్లో రొసెల్లిని బెర్గ్‌మన్‌తో ‘స్త్రోంబొలి’ తీస్తుంటే, పక్క దీవిలో మాన్యానితో విలియం డీటర్ల్ ‘వుల్కానో’ తీశాడు. రెండూ అగ్నిపర్వతాల దీవులే. 1950 ఫిబ్రవరి 2న ‘వుల్కానో’ మొదటి ప్రదర్శన జరిగినరోజునే బెర్గ్‌మన్‌కి కొడుకు పుట్టాడు. విలేకరులంతా అటు పరిగెత్తారు. ఏడేళ్ళ తర్వాత రొసెల్లిని మనదేశానికి వచ్చి, ఇక్కడ సోనాలీ దాస్‌గుప్తాతో కొత్త జీవితం మొదలుపెట్టినప్పుడు బెర్గ్‌మన్ వంతు కూడా వచ్చింది. ఈ గొడవని పత్రికలు కావలసినంత రాశాయి కాబట్టి నేను ఇక్కడితో వదిలేస్తాను. నాకు ముఖ్యమనిపించేది ఏమిటంటే, ఆ అవమానం జరిగిన మరుసటి ఏడాదే ఆమె తన గొప్ప పని చేసింది.

అది 1951లో విస్కోంతి తీసిన ‘బెల్లిస్సిమా’. మద్దలేనా ఇంటింటికీ తిరిగి ఇంజెక్షన్లు పొడిచి నాలుగు డబ్బులు సంపాదించే మనిషి. చినెచిత్తా స్టూడియోలో బాలనటికోసం పోటీ పెడితే కూతురు మరియాని తీసుకెళ్తుంది. పిల్లకి డాన్సు పాఠాలు, ఫోటోలు, కొత్త గౌను. ఇంట్లో ఉన్నదంతా ఊడ్చి పెడుతుంది. సిఫార్సు చేయిస్తానన్న ఒకడికి దాచుకున్న డబ్బు అప్పజెప్తుంది. చివరికి పరీక్షగా తీసిన పిల్ల రీలు వేసి చూస్తూ స్టూడియోవాళ్ళు పగలబడి నవ్వుతుంటే దొంగచాటుగా చూస్తుంది. వాళ్ళకి ఆ ఏడుపుమొహం పిల్లే కావాలి. కాంట్రాక్టు పట్టుకుని ఇంటికొస్తారు. మద్దలేనా సంతకం పెట్టదు.

పిల్లల్ని టీవీ పోటీలకి తిప్పే అమ్మానాన్నలున్న ఈ కాలంలో ఈ సినిమా ఎంత కొత్తగా ఉందో చెప్పలేను. మద్దలేనా మీద మనకి కోపం వస్తుంది, నవ్వొస్తుంది, ఒక్కోచోట సిగ్గు కూడా వేస్తుంది. ఆ నవ్వులు విన్నప్పుడు ఆమె ముఖంలో కదిలేది చూస్తే మాత్రం ఇంకేం అనలేం. తను కొనదలుచుకున్నది ఏమిటో ఆమెకి ఆ క్షణంలోనే తెలిసింది.

మరుసటి ఏడాది ఫ్రెంచి దర్శకుడు జా రెన్వార్ ‘బంగారు బండి’ సినిమాకి ఆమెని తీసుకున్నాడు. బెంగాలులో ‘ది రివర్’ తీసి వచ్చిన వెంటనే ఆయన చేసిన పని ఇది. ఊరూరా తిరిగే నాటక బృందంలో నటిగా ఆమె ఇందులో కనిపిస్తుంది. తాను పనిచేసినవాళ్ళలో అంతటి నటి లేదన్నది రెన్వార్ మాట.

ఇక అమెరికా. నాటక రచయిత టెన్నెసీ విలియమ్స్ ‘ది రోజ్ టాటూ’ని ఆమెని మనసులో పెట్టుకునే రాశాడు. 1951లో బ్రాడ్‌వే మీద వేయమంటే, రాత్రి తర్వాత రాత్రి ఇంగ్లీషులో వేదికమీద నిలబడటం తనవల్ల కాదంది. ఆ వేషం మొరీన్ స్టేపుల్టన్ వేసింది. 1955లో సినిమాగా తీసినప్పుడు ఒప్పుకుంది. సెరఫీనా అమెరికా దక్షిణ తీరంలో బట్టలు కుట్టుకుని బతికే సిసిలీ వితంతువు. పోయిన మొగుణ్ణి దేవుణ్ణి చేసి పూజిస్తుంటుంది. ఆ ఇంగ్లీషు తడబడుతుంది, కోపమొస్తే ఇటాలియన్‌లోకి దూకుతుంది, మాట అందనిచోట చేతులు మాట్లాడతాయి. పరాయిదేశంలో ఇల్లు కట్టుకున్న మనలాంటివాళ్ళకి ఆ భాష బాగా అర్థమవుతుంది. 1956 మార్చి 21న ఆ వేషానికి ఆస్కార్ వచ్చింది. ఉత్తమ నటిగా ఆస్కార్ అందుకున్న మొదటి ఇటాలియన్ ఆమే. వయసు నలభై ఎనిమిది. ఆ రాత్రి ఆమె రోమ్‌లోనే ఉంది. సినిమాలో కూతురుగా వేసిన మరీసా పవాన్ ఆమె తరఫున బహుమతి తీసుకుంది.

ఇక్కణ్ణుంచి కథ ఇంకా పైకి పోవాలి. అలా జరగలేదు. యాభైల చివరికి ఇటలీలో స్కూటర్లు, ఫ్రిజ్‌లు, టీవీలు, కార్లు ఇళ్ళలోకి వచ్చాయి. ఆ ఏళ్ళని ఇప్పటికీ ‘ఆర్థిక మహిమ’ అంటారు. ఆకలి, రేషన్ క్యూలు, చిరుగుల గౌన్లు ఎవరికీ గుర్తుచేసుకోవాలని లేదు. తెరకి కావలసినవి యవ్వనం, నునుపు, రంగులు. డి సికా ‘లా చొచారా’ తీయకముందు, అందులో తల్లి వేషం మాన్యానికి, కూతురు వేషం సోఫియా లారెన్‌కి అనుకున్నారు. మాన్యాని ఒప్పుకోలేదు. 1960లో పాతికేళ్ళు దాటిన లారెనే తల్లి వేషం వేసి ఆస్కార్ తెచ్చుకుంది. లారెన్ నటన తక్కువదని అనను. ఆ యుద్ధంనాటి తల్లి వేషం కూడా ఇక యవ్వనం చేతికి వెళ్ళిపోయిందని మాత్రం అంటాను.

ఈ మార్పునంతా ఒకే సినిమాలో పట్టుకున్నవాడు పసోలిని. 1962లో వచ్చిన ‘మమ్మా రోమా’. పాత జీవితం వదిలేసిన ఒక వేశ్య పల్లెలో పెరుగుతున్న పదహారేళ్ళ కొడుకుని నగరానికి తెచ్చుకుంటుంది. కొత్త అపార్టుమెంటు, కూరల కొట్టు, ఆదివారం చర్చి, కొడుక్కి మోటార్‌సైకిల్. నలుగురిలో మర్యాదగా బతకాలని ఆశ. పాత మనిషి మళ్ళీ వచ్చి డబ్బడుగుతాడు. కొడుక్కి సంగతి తెలుస్తుంది. దొంగతనం చేసి దొరికిపోయి, జైలులో బల్లకి కట్టేసి ఉంచితే, అమ్మా అని పిలుస్తూ చచ్చిపోతాడు. కబురు విన్న తల్లి బజారులోంచి ఇంటికి పరిగెడుతుంది. మళ్ళీ ఒక పరుగు. పదిహేడేళ్ళ కిందట పీనా జర్మన్ లారీ వెనక పరిగెత్తింది. అప్పుడు కాల్చినవాడెవడో తెలుసు. ఈసారి ఎవరూ కాల్చలేదు. కిటికీలోంచి దూకబోతే జనం పట్టుకుంటారు. ఎదురుగా కొత్త భవనాల మధ్య చర్చి గుమ్మటం ఒకటి కనిపిస్తుంటుంది. డబ్బొచ్చిన దేశం కొందరిని బయటే వదిలేసిందని ఇంతకంటే సూటిగా చెప్పటం కష్టం.

ఆ నటన పట్ల పసోలినికి తృప్తి లేదు. ఆమె ఎప్పుడూ ఆ వర్గం మనిషి కాదు, మధ్యతరగతి మనిషి అన్నది ఆయన అభ్యంతరం. నాకైతే ఆ అతకకపోవటమే సినిమాకి సరిపోయిందనిపిస్తుంది. తనది కాని మర్యాదని తొడుక్కోబోయి, అది పట్టక ఇబ్బందిపడే మనిషి కథ కదా అది.

ఆ తర్వాత సినిమాలు తగ్గాయి. 1965లో నాటకరంగానికి తిరిగొచ్చి ‘లా లూపా’ వేసింది. 1971లో అల్ఫ్రెదో జన్నెత్తి ఆమెకోసం టెలివిజన్‌కి కొన్ని కథలు తీశాడు. ముడతలు కప్పొద్దనీ, అవి సంపాదించుకోటానికి తనకి ఒక జీవితం పట్టిందనీ ఆమె మేకప్ మనిషితో అన్నట్టు ఒక మాట ప్రచారంలో ఉంది. అన్నదో లేదో గాని, ఆ టీవీ కథల్లో ఆమె ముఖం చూస్తే నమ్మాలనిపిస్తుంది. 1972లో ఫెల్లిని ‘రోమా’లో ఒక రాత్రి ఇంటికి పోతున్న ఆమెని గుమ్మం దగ్గర ఆపి, నువ్వే ఈ నగరానికి గుర్తువి అనబోతాడు. ఆమె నవ్వేసి, నిన్ను నమ్మను, వెళ్ళి పడుకో అన్నట్టు మాట్లాడి తలుపు వేసుకుంటుంది. సినిమా తెరమీద ఆమె చివరిసారి కనిపించింది అదే.

1973 సెప్టెంబరు 26న క్యాన్సర్‌తో పోయింది. అరవై ఐదేళ్ళు. చివరి రోజుల్లో పక్కనున్నవాళ్ళలో కొడుకు లూకాతో పాటు రొసెల్లిని ఉన్నాడు. మొదట ఆయన కుటుంబ సమాధిలోనే ఆమెని ఉంచారు. ఆ రాత్రే ఇటలీ టీవీలో ఆమె నటించిన జన్నెత్తి చిత్రం ఒకటి ప్రసారమైంది. మినర్వా కూడలిలోని చర్చి దగ్గర రోమ్ జనం కిక్కిరిసిపోయారు. శవపేటిక బయటికి వస్తుంటే చప్పట్లు కొట్టారు. రివిస్తా వేదికమీద నేర్చుకున్న మనిషికి అంతకంటే తగిన సాగనంపటం లేదు.

ఎక్కణ్ణుంచి మొదలుపెట్టమంటారని ఎవరైనా అడిగితే, ‘బెల్లిస్సిమా’తో మొదలుపెట్టమంటాను. అది నవ్విస్తూ లోపలికి తీసుకెళ్తుంది. తర్వాత రొసెల్లిని సినిమా, ఆ వెంటనే ‘మమ్మా రోమా’. ఆ రెండు పరుగులూ ఒకే వారంలో చూడండి. ఒక దేశానికి ఆ పదిహేడేళ్ళలో ఏం జరిగిందో చరిత్ర పుస్తకాలకంటే బాగా తెలుస్తుంది.